ఎదురింటి అవ్వ కూర్చునే చోటు

నా చిన్నప్పుడు నిజామాబాద్‌లో మా గల్లీలో ఏ గడప ముందు చూసినా ఒడిలో చాట పెట్టుకుని బీడీలు చుట్టే ఆడవాళ్లే. మా నాయనమ్మ, ఎదురింటి అవ్వ మా అరుగు మీద ఎదురెదురుగా కూర్చునేవారు. సాయంత్రం కార్ఖానాకు పంపేముందు చాటలు మార్చుకుని, ఒకరి బీడీలు ఒకరు నొక్కి చూడటం వాళ్ల అలవాటు. వదులుగా చుట్టావని ఒకరంటే, నీ వేళ్లకే పట్టు లేదని ఇంకొకరు. ఆ పోట్లాట గల్లీ చివరిదాకా వినబడేది. వీళ్లకు అసలు పడదేమో అనుకునేదాన్ని.

ఒక వానాకాలం ఎదురింటి అవ్వ జ్వరంతో పోయింది. ఆ తర్వాత నాయనమ్మ చాట ముందు కూర్చునేది కానీ చేతులు మునుపటిలా నడిచేవి కావు. అన్నం కెలికి వదిలేసేది. బడి నుంచి రాగానే నన్ను అవ్వ చోట కూర్చోబెట్టి, బీడీలు నొక్కి చూడమనేది. ఆమె ముఖం చూశాక తప్పు పట్టడానికి నాకు మనసొప్పేది కాదు. అన్నీ బాగున్నాయనే చెప్పేదాన్ని. నేను బాగుందన్నకొద్దీ ఆమె ముడుచుకుపోయేది. ఈమె కూడా పోతుందేమోనని నాకు భయం పట్టుకుంది.

పక్కింట్లో, క్రైస్తవుల మిషన్ బడిలో చదువు చెప్పి రిటైరైన పంతులు తాత ఉండేవాడు. ఒకరోజు వచ్చి అరుగు చివర కూర్చుని, నాకే చెబుతున్నట్టు ఒక కథ మొదలుపెట్టాడు.

వెనకటికి గలిలయ సరస్సు ఒడ్డున యూదుల ధర్మశాస్త్రం చెప్పే గొప్ప పండితుడు ఉండేవాడట. దారిదోపిడీలు చేసే ఒకణ్ణి చదువులోకి మళ్లించి, తన చెల్లెల్నిచ్చి పెళ్లి చేశాడట. అతడూ పండితుడై, ఈయన ఏం చెప్పినా కాదంటూ ప్రశ్న మీద ప్రశ్న వేసేవాడు. అలా వాదించుకుంటేనే మాటకు అర్థం తేలేది. ఒకసారి వాదన ముదిరి, ఈయన అతని పాత దొంగతనాన్ని ఎత్తిపొడిచాడు. ఆ దెబ్బకు స్నేహితుడు మంచం పట్టి మళ్లీ లేవలేదు. పండితుడు కుమిలిపోతుంటే, పెద్దలు తోడుగా ఇంకొక చదువరిని పంపారు. అతడు ప్రతి మాటకూ మీరన్నదే నిజమనేవాడు. నేను చెప్పింది నిజమని నాకు తెలియదా అని పండితుడు ఏడ్చాడట. నువ్వెక్కడున్నావంటూ స్నేహితుణ్ణి పిలుస్తూ వీధుల్లో తిరిగి, మతి పోయి, అలాగే కన్నుమూశాడట.

నాయనమ్మ చేతిలో తునికాకు చేతిలోనే ఉండిపోయింది.

"గాయినకు కాదనెటోడు ఇంకొకడు దొరకలేదా?" అని అడిగింది.

"దొరకలేదు చెల్లె. పంపినోళ్లకు గా సంగతి తెల్వకపాయె" అన్నాడు పంతులు తాత, నా వైపు చూస్తూ.

నేను ఒక బీడీ తీసి నొక్కాను. "గిది వదులుంది నాయినమ్మా" అన్నాను.

ఆమె లాక్కుంది. "ఏడుంది వదులు? నీ వేళ్లల్ల సత్తువ లేదు గని" అని కసిరింది. అన్నాళ్లకు ఆమె గొంతు గల్లీలోకి వినబడింది. మళ్లీ నొక్కి చూసి, దారం విప్పి, ఏడుస్తూనే తిరిగి చుట్టింది. ఆ పూట కంచంలో అన్నం మిగల్చలేదు.

ఇప్పుడు నాది ఆమె వయసు. మాట మాటకూ నాతో పోట్లాడిన మా అక్క పోయాక, ఇంట్లో నేనేమన్నా అందరూ సరేనంటారు. ప్రేమతోనేనని తెలుసు. అయినా అంతమంది మధ్య కూర్చుని ఒంటరినైపోతాను. మొన్న మా కోడలు నేను చేసిన పప్పు నోట్లో పెట్టుకుని, ఉప్పెక్కువైందంది. నిజంగానే ఎక్కువైంది. అయినా కాలేదని పొద్దుగూకేదాకా వాదించాను. తనూ వదల్లేదు. చాలా రోజులకు ఆ పూట నాకు కడుపు నిండింది.