లామినేషన్ చేయించిన సర్టిఫికెట్

మా ఆయన ఆఫ్రికాలో ఒక రైస్ మిల్లులో సార్టెక్స్ మిషన్ నడుపుతాడు. బియ్యంలో రంగు మారిన గింజలను కెమెరాతో పట్టుకుని గాలితో పక్కకు కొట్టే మిషన్ అది. మిర్యాలగూడలో తొమ్మిదేళ్లు అదే పని చేసి, నాలుగేళ్ల కింద అక్కడికి వెళ్లాడు. నేను సూర్యాపేటలో ఒక ప్రైవేటు స్కూలు ఆఫీసులో పనిచేస్తాను. ఆఫీసులో కూర్చునేదాన్ని కాబట్టి లోకంలోని కాగితాలన్నీ నాకు వశమని ఆయన నమ్మకం. ఆ నమ్మకమే నా ప్రాణం తీసింది.

ఒకరోజు మధ్యాహ్నం అడ్మిషన్ రిజిస్టర్ ముందేసుకుని కూర్చుని ఉండగా ఫోన్ చేశాడు. వీసా గడువు అయిపోవస్తోందట. ఇదివరకు కంపెనీవాళ్లే అక్కడికక్కడ పొడిగించేవాళ్లు. ఈసారి పద్ధతి మారింది. సరిహద్దు దాటి పక్క దేశంలో ఉన్న కాన్సులేట్‌కు స్వయంగా వెళ్లి, కాగితాలు చూపించి రెండేళ్లకు కొత్తది వేయించుకోవాలి. కంపెనీ అపాయింట్‌మెంట్ కూడా తీసేసుకుంది. చేతిలో ఉన్నది నాలుగు వారాలు.

"ఏమేం గావాల్నంట?" అన్నాను.

"ఎక్కువ లేవు. రెండే. పాత మిల్లుకాడ ఎక్స్‌పీరియన్స్ లెటర్ తీసుకోవాలె. మన ఐటీఐ సర్టిఫికెట్ మీద హైదరాబాద్‌ల గవర్నమెంట్ ముద్ర ఏపియ్యాలె. రెండు అసలువే కొరియర్ జెయ్యి. గంతే."

గంతే అన్నాడు. ఆ మాట అన్నందుకు ఆయన్ని నేను ఇప్పటికీ పూర్తిగా క్షమించలేదు.

మర్నాడే సర్టిఫికెట్‌ను హైదరాబాద్‌లో ఇలాంటి పనులు చేయించే ఒక ఏజెన్సీకి కొరియర్ చేసి, నేను సగం రోజు సెలవు పెట్టి మిర్యాలగూడ బస్సెక్కాను. ఆడవాళ్లకు జీరో టికెట్ వచ్చిన దగ్గరనుంచీ ఆ బస్సులో కూర్చునే చోటు దొరకడమే గొప్ప. పెన్‌పహాడ్ దాటేదాకా నిలబడే వెళ్లాను. మిల్లు దగ్గర దిగేసరికి ఉడికిన వడ్ల వాసన. ఆయన చొక్కాలకు ఏళ్ల తరబడి ఉండిన వాసనే అది. ఎన్ని సబ్బులు పెట్టినా పోయేది కాదు.

మిల్లు యజమాని నన్ను గుర్తుపట్టలేదు కానీ, ఎవరి భార్యనో చెప్పగానే కుర్చీ చూపించాడు. "మా సార్టెక్సాయన ఇంటామెనా! ఎట్లున్నడమ్మా? ఆయన పోయినంక ముగ్గురు మారిన్రు. ఒక్కడు కూడ ఆయన లెక్క జెయ్యలే" అంటూ చాయ్ తెప్పించాడు. నాకు ధైర్యం వచ్చింది. ఇంత మెచ్చుకుంటున్నవాడు ఒక కాగితం రాసివ్వడా అనుకున్నాను.

గుమస్తాను పిలిచి రికార్డు తీయించాడు. గుమస్తా వేలితో వరస వెంట దిగి, ఒకచోట ఆగి, పుస్తకాన్ని యజమాని వైపు తిప్పాడు. తొమ్మిదేళ్లూ మా ఆయన పేరు పక్కన 'హెల్పర్' అని ఉంది.

"రికార్డుల హెల్పర్ అని ఉన్నది బిడ్డా. గట్లనే రాసిస్త."

"హెల్పర్ అని రాస్తె వీసా రాదు సేటూ. మిషన్ ఆపరేటర్ అని ఉండాలె. తొమ్మిదేండ్లు మిషన్ నడిపిండు గదా."

"నడిపిండు. నేనేమన్న కాదంటున్ననా? కానీ రికార్డు సూడు, ఏమున్నది?"

ఆ రికార్డు రాయించింది ఈ యజమానే. ఇప్పుడు దాన్ని ఎవరో పైనుంచి పంపిన శాసనంలా చూపిస్తున్నాడు. నాకు ఒళ్లు మండిపోయింది.

"మా చెల్లె పెండ్లిల ఉంటె కారు పంపి పిలిపించుకున్నరు యాదికున్నదా? తలంబ్రాలు గూడ పడలే. మిషన్ ఆగిందని బట్టలు మార్చుకోనియ్యకుంట తీస్కపోయిన్రు. హెల్పర్ కోసం కారు పంపుతరా సేటూ?"

గుమస్తా తలవంచుకున్నాడు. నవ్వు ఆపుకుంటున్నాడని భుజాలు చూస్తే తెలిసింది. యజమాని చాయ్ గ్లాసు కింద పెట్టాడు. "సరే తల్లీ. నువ్వే టైప్ జేస్కొని తీస్కరా. సంతకం పెడ్త" అన్నాడు.

స్కూలు కంప్యూటర్ మీద టైపు చేసి, రెండు రోజుల తర్వాత మళ్లీ వెళ్లాను. యజమాని తిరుపతి వెళ్లాడు. ఎప్పుడొస్తాడంటే గుమస్తా, "దర్శనం అయినంక" అన్నాడు. మూడోసారి వెళ్లినప్పుడు దొరికాడు. సంతకం చేసి, స్టాంపు వేసి, లడ్డూ ప్రసాదం కూడా పెట్టాడు. దాన్ని కళ్లకద్దుకుని, లెటర్‌ను ఫైల్లో పెట్టుకుని బస్సెక్కాను. ఒక పని అయింది. అప్పటికి పదిరోజులు ఖతం.

మర్నాడు హైదరాబాద్ ఏజెన్సీ నుంచి ఫోన్. అవతల ఒకమ్మాయి చాలా మర్యాదగా మాట్లాడింది.

"మేడం, మీ సర్టిఫికెట్ రిటర్న్ పంపిస్తున్నాం. లామినేషన్ చేసి ఉంది. ప్లాస్టిక్ మీద ముద్ర వేయరు."

ఆ సర్టిఫికెట్ లామినేషన్ చేసి ఉందని నాకు తెలుసు. పెళ్లయిన దగ్గరనుంచీ దాన్ని అలాగే చూస్తున్నాను. అదొక తప్పని మాత్రం ఆరోజే తెలిసింది. వెంటనే ఆయనకు ఫోన్ చేశాను.

"ఎవరు జేపియ్యమన్నరయ్యా నిన్ను లామినేషన్?"

"ఎవరు జెప్పాలె? ఖరాబ్ కావొద్దని నేనే జేపిచ్చిన."

"ఖరాబ్ కాలే. పనికి రాకుంట అయింది!"

"అప్పుడు గిట్ల అయితదని నాకేం ఎరుక? పద్దెనిమిదేండ్లు నాకు. మా రూమ్‌ల నాలుగు దిక్కుల కురిసేది. కోదాడ బస్టాండ్ కాడ దుకాణంల ఏపిచ్చుకొనే బస్సెక్కిన. పుణ్యానికి పోతె నన్ను తిడుతవేంది?"

నేనూ పుణ్యానికి పోయినదాన్నే. అక్కడ ఆయనకు లంచ్ టైమ్, ఇక్కడ నాకు ఫీజుల వసూలు టైమ్. ఇద్దరం కోపంగానే ఫోన్ పెట్టేశాం.

సర్టిఫికెట్ తిరిగి చేతికి రాగానే, కొత్తది ఇస్తారేమోనని కోదాడ వెళ్లాను. ఆయన చదివిన ఐటీఐ ఇప్పుడు ఒక పెద్ద కాలేజీ ఆవరణలో మూలకు చేరింది. అక్కడ ఆఫీసులో ఒక పెద్దాయన ఉన్నాడు. మాట ఆంధ్రావైపు మాటలా మెత్తగా ఉంది. నేను సర్టిఫికెట్ బల్లమీద పెట్టి సంగతంతా చెప్పాను. ఆయన పూర్తిగా విని, కళ్లజోడు సర్దుకున్నాడు.

"డూప్లికేట్‌కి అప్లై చేసుకోవాలండీ. దరఖాస్తుతో పాటు, ఒరిజినల్ పోయిందని పోలీస్ స్టేషన్‌లో ఇచ్చిన కంప్లెయింట్ కాపీ పెట్టాలి."

"పోలేదు సార్. ఇగో, మీ ముందటనే ఉన్నది."

"అది నాకు కనపడుతోందండీ. కానీ పోతేనే డూప్లికేట్ ఇస్తారు. ఉంటే ఇవ్వరు."

"ఉన్నది, కానీ పనికొస్తలేదు సార్."

"పనికిరాకపోతే ఇవ్వాలని రూల్ లేదమ్మా. పోతే ఇవ్వాలని ఉంది." తర్వాత గొంతు తగ్గించి, "అసలు మీరు దీన్ని నాకు చూపించకుండా ఉండాల్సింది" అన్నాడు.

ఉన్నదాన్ని పోయిందని పోలీసులకు రాసివ్వమని చెబుతున్నాడన్నమాట. రాసిచ్చినా డూప్లికేట్ రావడానికి ఎన్నాళ్లు పడుతుందని అడిగాను. రెండు నెలలు, ఒక్కోసారి మూడు అన్నాడు. నా దగ్గర మిగిలింది రెండు వారాలు కూడా లేదు. ఏం చేయాలో తోచక, లేవలేక అలాగే కూర్చున్నాను. ఆయనకు జాలేసినట్టుంది.

"అందరూ చేయిస్తారండీ లామినేషన్. ఇంట్లో మొదటి సర్టిఫికెట్ అయితే మరీను. నేనైతే ఇచ్చేటప్పుడే చెబుతాను, వద్దని. తలూపుతారు. గేటు దాటగానే వెళ్లి చేయించేస్తారు."

ఆ పెద్దాయన మీద కోపం నిలుపుకోలేకపోయాను. ఎందుకంటే నేనూ నా కిటికీ ఇవతల కూర్చుని ఇలాగే మాట్లాడతాను. టీసీ కోసం త్రిపురారం నుంచి వచ్చిన ఒక తండ్రిని, ఆధార్ కార్డులో పుట్టిన తేదీ వేరే ఉందని మూడుసార్లు తిప్పాను. అప్పుడు నాకు అది రూలులాగే అనిపించింది. తిప్పడంలా అనిపించలేదు. కోదాడ నుంచి వచ్చేటప్పుడు హైవే పొడుగునా అదే గుర్తొచ్చి, నా మీద నాకే చిరాకు పుట్టింది. ఆ చిరాకును కూడా మా ఆయన ఖాతాలోనే వేశాను.

సూర్యాపేటలో బస్టాండుకు దగ్గర్లో ఒకావిడ జిరాక్స్ దుకాణం నడుపుతుంది. స్కూలు పని మీద రోజూ వెళ్తుంటాను. నేరుగా ఆమె దగ్గరికే వెళ్లి, "అక్కా, లామినేషన్ తియ్యొస్తదా?" అని అడిగాను.

"ఏసుడే నా పని. తీసుడు గాదు" అంది, మిషన్ నుంచి తల ఎత్తకుండా.

సంగతి చెప్పాను. అప్పుడు చేతిలో పని పక్కన పెట్టింది. సర్టిఫికెట్‌ను వెలుతురుకు ఎత్తి పట్టి చూసింది. అంచు మీద గోరుతో నొక్కింది. గోడకు వేలాడుతున్న పాత రేట్ల కార్డు తీసి, "మొదలు దీనిమీద సూద్దాం" అంటూ దాని మూల చీల్చి ప్లాస్టిక్ లాగింది. అక్షరాలన్నీ ప్లాస్టిక్‌తో పాటే వచ్చేశాయి. చేతిలో తెల్లకాగితం మిగిలింది.

"పరేషాన్ గాకు. ఇది మొన్న జేసింది, గట్టిగ పట్టుకున్నది. నీది పాతది, అంచులకు గాలి వట్టింది. కాగితం గూడ మందంగున్నది. కానీ ఏమన్న అయితె నన్ననొద్దు."

"నిన్నేమనను అక్కా. నువ్వు తియ్యి."

ఇంటినుంచి ఇస్త్రీ పెట్టె తెమ్మంది. తెచ్చాను. సర్టిఫికెట్ మీద బట్ట పరిచి, తక్కువ వేడిమీద కొంచెంసేపు ఉంచి తీసి, మెత్తబడ్డ చోట అంగుళం అంగుళం లాగడం మొదలుపెట్టింది. మధ్యలో జిరాక్స్ కోసం వచ్చినవాళ్లను "జర ఆగుండ్రి" అని గుమ్మంలోనే ఆపేసింది. వెనకవైపు ప్లాస్టిక్ బాగానే వచ్చింది. ముందువైపు తీసేటప్పుడు నేను చూడలేక రోడ్డు వైపు తిరిగి నిలబడ్డాను. "సంతకం ఉన్నది" అంది. కాసేపటికి "నంబర్ ఉన్నది" అంది. ఆ తర్వాత "అయ్యో" అంది.

తిరిగి చూశాను. ఫొటో మూల, దానిమీద పడ్డ స్టాంపులో పావువంతు, పొరలా లేచిపోయాయి. మొహం మాత్రం ఉంది. మీసం కూడా సరిగా రాని మొహం. అరువు చొక్కా కాబోలు, మెడ దగ్గర వదులుగా ఉంది. ఇన్నేళ్లూ ప్లాస్టిక్ మెరుపు వెనక చూసిన ఫొటోను అప్పుడు మొదటిసారి వేలితో తాకాను. ఆ పిల్లవాడు వానకు తడవకూడదని దాచుకున్నదాన్ని నేను ఇస్త్రీ పెట్టెతో వలిపించానని ఒక్క క్షణం కళ్లు చెమర్చాయి. రెండో క్షణంలో, ఇదంతా ఆయన చేసిన పనివల్లనే కదా అని మళ్లీ కోపమొచ్చింది.

ఏజెన్సీ అమ్మాయికి ఫొటో తీసి పంపితే, నంబరు, సంతకం కనిపిస్తే చాలు అంది. మళ్లీ పంపితే, వారం లోపల ముద్ర పడి తిరిగొచ్చింది. లెటరూ సర్టిఫికెటూ కలిపి కొరియర్ చేశాను. ఆ కవరు ఎక్కడిదాకా వెళ్లిందో రోజుకు పదిసార్లు ఫోన్లో చూసుకున్నాను. ముంబైలో రెండు రోజులు కదల్లేదు. ఆ రెండు రోజులూ ఇంట్లో ఎవరూ నాతో మాట్లాడే సాహసం చేయలేదు. అపాయింట్‌మెంట్ ఇంకా రెండు రోజులుందనగా ఆయన చేతికి అందింది.

కాన్సులేట్ నుంచి బయటికి రాగానే ఫోన్ చేశాడు.

"అయింది. ఇచ్చిన్రు."

"లెటర్ సూసిన్రా?"

"ఒక మేడం సూసింది. సార్టెక్స్ అంటే ఏందని అడిగింది. చెప్పిన. తెల్ల గింజ ఏది, నల్ల గింజ ఏది మిషన్‌కు ఎట్ల తెలుస్తదని అడిగింది. అది గూడ చెప్పిన. మంచిగ ఇన్నది."

"సర్టిఫికెటు?"

"గిట్ల చినిగిందేందని అడిగింది. వానకు తడిసిందని చెప్పిన."

"ఎన్నేండ్లకు ఇచ్చిన్రు?" అన్నాను.

"ఏడాదికి."

"ఏడాదికా? రెండేండ్లు అన్నవ్ గదా?"

"ఇప్పుడు అందరికి ఏడాదే ఇస్తున్నరంట. మల్ల వచ్చే ఏడాది..."

ఆ మాట పూర్తి చేయనివ్వలేదు. మిర్యాలగూడ మూడు తిరుగుళ్లు, తిరుపతి దర్శనం, కోదాడ పెద్దాయన రూలు, ముంబైలో ఆగిన కవరు, అన్నీ ఒక్క ఊపిరిలో ఆయన మీద పోశాను. ఆయన అడ్డు చెప్పకుండా విన్నాడు. అవతల రోడ్డు మీద వాహనాల చప్పుడు వినిపిస్తోంది. నేను ఆగాక, "తిన్నవా?" అన్నాడు. తినలేదని చెప్పి ఫోన్ పెట్టేశాను.

సాయంత్రం వీసా పేజీ ఫొటో పంపాడు. పేరులో ఒక్కో అక్షరం, పాస్‌పోర్టు నంబరు, పుట్టిన తేదీ, గడువు తేదీ, అన్నీ పెద్దవి చేసి రెండుసార్లు సరిచూశాను. తప్పేమీ లేదు. అప్పుడు నేనే ఫోన్ చేశాను.