వావిలాకు నూనె కాగిన పొద్దు

మా మనవరాలు ఈ మధ్య వంటింట్లో కొత్త విద్య మొదలుపెట్టింది. ఆలివ్ నూనెను సన్న సెగ మీద వెచ్చబెట్టి, అందులో రోజ్‌మేరీ అనే ఒక రెమ్మా, కాసిని వెల్లుల్లి రెబ్బలూ వేసి, ఆ వాసన నూనెకు పట్టేదాకా పొయ్యి దగ్గరే నిలబడుతుంది. ఫోన్‌లో ఎవరో చూపించారట. తర్వాత దాన్ని గాజుసీసాలో పోసి కిటికీలో పెట్టి, వచ్చినవాళ్లకల్లా చూపిస్తుంది. ఆకును నూనెలో కాయడం తనే కనిపెట్టినట్టు మాట్లాడుతుంది. నేనూ కాదనను, దాని సంబరం దానిది. నాకు తొంభై దాటాయి. పళ్లు పోయాయి, మోకాళ్లు పోయాయి, ముక్కూ చెవీ మాత్రం ఇంకా నా మాట వింటున్నాయి. మొన్న ఆ పిల్ల రెమ్మను కడిగి, తడి ఆరకుండానే నూనెలో వేసింది. చిటపటమని ఒక్కసారి పేలింది. పక్కన కుర్చీలో ఉన్న నేను ఉలిక్కిపడి దాని చెయ్యి పట్టుకున్నాను. "ఏమైంది అమ్మమ్మా, మీద చిందిందా?" అంది. చిందలేదు. నాకు భయమేసింది, అంతే. ఎందుకో చెప్పాలంటే మా అమ్మ గురించీ, అన్న గురించీ, ఒక మంత్రసాని గురించీ చెప్పాలి. అది అంతసేపు కూర్చునే పిల్ల కాదు. మీరు కూర్చుంటారని మీకు చెబుతున్నాను.

అప్పుడు నాకు పదహారేళ్లు. నన్ను మిర్యాలగూడలో ఇచ్చారు. పెళ్లయి ఇంకా ఏడాది తిరగలేదు. నలభైల చివరి రోజులవి, ఊళ్ల మీద తుపాకుల వాళ్లు పడే కాలం. ముందు ఒక రకం వాళ్లు వచ్చారు, తర్వాత ఇంకో రకం వాళ్లు వచ్చారు. పేపరు చదివేవాళ్లకు తేడా తెలిసేదేమో గానీ, మా ఆడవాళ్లకు బట్టల రంగు తప్ప వేరే తేడా కనపడేది కాదు. ఎవరు వచ్చినా ముందు కోళ్లు పోయేవి, తర్వాత మగవాళ్లు పోయేవారు. పట్నం కన్నా పల్లె నయమని మా అత్తగారు నన్ను గూడుబండి ఎక్కించి పుట్టింటికి పంపింది. మా ఊరు సూర్యాపేటకూ మిర్యాలగూడకూ నడుమ, మూసీకి దగ్గర్లో. తీరా వచ్చేసరికి పుట్టింట్లో ఏడుపులు. సూర్యాపేట అంగడిలో మా అన్నను పట్టుకుపోయారు, అడవిలో తిరిగే దళం పిల్లలెవరికో జొన్నరొట్టెలు పెట్టాడని. కోదాడ క్యాంపులో ఉంచారని తెలిసి నాన్న ఒక పెద్దమనిషిని వెంటబెట్టుకుని, బతిమాలడానికి అటు పోయాడు. పెనం మీంచి పొయ్యిలో పడ్డట్టయింది నా పని. గడప దాటొద్దని అమ్మ ఆజ్ఞ. బండి దిగి లోపలికి పోయినదాన్ని పోయినట్టే ఉండిపోయాను. నేను వచ్చిన సంగతి ఊరికి తెలుసు గానీ నన్ను సరిగ్గా చూసినవాళ్లు లేరు.

నాన్న అటు పోయాడు, అన్న ఇటు వచ్చాడు. కోదాడ నుంచి మిర్యాలగూడకు తీసుకుపోతుంటే దారిలో లారీ ఆగినచోట దూకి, చేలకు అడ్డంపడి నడిచి, తెల్లవారేసరికి మా దొడ్లోకి పాక్కుంటూ చేరాడు. వీపంతా వాచి నల్లబడింది. కుడి భుజం దాని చోట అది లేదు. మనిషిని ముట్టుకుంటే కొలిమిలో ఇనుములా ఉన్నాడు. అమ్మ ఏడవలేదు. నోట్లో కొంగు కుక్కుకుని ఒకసారి గోడకు ఆనుకుంది, తర్వాత లేచి కవ్వం అందుకుంది. రోజూ వాడకట్టుకు చల్ల పోసే ఇల్లు మాది; ఇవాళ పొయ్యకపోతే ఏదో జరిగిందని పదిమందికీ తెలిసిపోతుందని ఆమె తెలివి. ముంతలు పట్టుకుని వచ్చినవాళ్లందరికీ ఎప్పట్లాగే నవ్వుతూ చల్ల పోసింది. ఊరి పటేలు దగ్గర పనిచేసే మనిషి కూడా వచ్చాడు. ఆయన పెద్దగట్టు లింగమయ్యకు మొక్కుకుని ఒక్కపొద్దు ఉంటున్నాడు. ఒంటిపూట తిండికి ఆ చల్లే ఆధారం. ఆయనకు ఇంకో గరిట ఎక్కువే పోసింది.

అందరూ పోయాక నూనె పని మొదలైంది. దెబ్బలకు మా వైపు వావిలాకు నూనెను మించింది లేదు. వాగు ఒడ్డు నుంచి తెచ్చి ఎండబెట్టక ముందే ఆకును రోటి పొత్రంతో మెత్తగా నూరి, పసరు పిండి, నువ్వుల నూనెలో పోసి, పసుపు, వెల్లుల్లి వేసి, మట్టి చట్టిలో సన్న సెగ మీద కాస్తారు. తొందర పనికిరాదు. పసరులో నీరు పోయిందో లేదో తెలియడానికి ఒక వత్తిని అందులో ముంచి వెలిగిస్తారు. చిటపటమంటే ఇంకా నీరున్నట్టు, చప్పుడు లేకుండా వెలిగితే నూనె అయినట్టు. ఇదంతా బాగానే ఉంది గానీ, ఆ వాసన ఉందే, అది వీధి చివరిదాకా పోతుంది. ఏ ఇంట్లో వావిలి వాసన వస్తే ఆ ఇంట్లో దెబ్బలు తిన్న మనిషి ఉన్నట్టేనని క్యాంపు వాళ్లు అప్పటికే నేర్చుకున్నారు. నేను పొత్రం తిప్పుతూ వద్దమ్మా అన్నాను. "ఊకో. కాయకుంటే వాడు దక్కడు, కాస్తే దొరుకుతడు. దక్కినంక దొరకనీ," అంది అమ్మ.

నూనె సగం కాగిందో లేదో, ఊరి మొదట్లో కుక్కలు అరిచాయి. ఆ అరుపు వేరుగా ఉంటుంది, అప్పట్లో మేమందరం గుర్తుపట్టేవాళ్లం. అమ్మ ఒక్క క్షణం చట్టి వైపు చూసింది. వావిలాకు దెబ్బలకే కాదు, బాలింతకు కూడా. వావిలాకు నీళ్లతోనే స్నానం, వావిలాకు నూనెతోనే మర్దనా. ఆ మాట ఎట్లా తట్టిందో ఆమెకు, నన్ను రెక్క పట్టుకుని చీకటి గదిలోకి లాగి మంచం మీద పడేసింది. నా తలకు గుడ్డ కట్టింది, చెవుల్లో దూది పెట్టింది. అన్నను మంచం కింద దూర్చి అడ్డంగా బొంత వేలాడదీసింది. బాలింత మంచం కింద చీపురూ పాతచెప్పూ పెట్టడం ఆచారం. మా ఇంట్లో మా అన్నను పెట్టారు. ద్వారానికి వేపమండలు గుచ్చింది, గడపలో కుంపటి పెట్టి పొగ వేసింది. చివరికి నేను నూరిన పొత్రాన్నే పాత చీర పేలికలో చుట్టి నా పక్కన పడుకోబెట్టింది. "బిడ్డను గట్టిగ పట్టుకో," అని పోయింది. ఆ రాయి చల్లగా, పసరు తడితో ఉంది. పెళ్లయి ఏడాది కాని పిల్ల ఉత్తుత్తి బాలింత వేషం వేస్తే కడుపు పండదని ఎవరో అన్న మాట అప్పుడే గుర్తుకురావాలా! అన్న ప్రాణం ఒకవైపు, పుట్టబోయే పిల్లల గురించి దిగులు ఒకవైపు. మనిషి మనసు ఎంత విచిత్రమైందో.

తర్వాత జరిగింది నేను చూడలేదు, విన్నాను. బూట్ల చప్పుడు. వాళ్ల జమేదారు ఏదో ఉర్దూలో అడగడం, దారి చూపించడానికి వెంట వచ్చిన పటేలు మనిషి దాన్ని తెలుగు చేయడం. నూనె ఎందుకని అడిగారు. "నా బిడ్డ బాలెంతయ్యా. ఇయ్యాలకు మూడొద్దులు," అంది అమ్మ, కాన్పయి మూడు రోజులని. పురుటి గదిలోకి పరాయి మగవాడు అడుగు పెట్టడు, ఆ రోజుల్లో తుపాకీ ఉన్నవాడు కూడా వెనకా ముందూ చూసేవాడు. జమేదారు గుమ్మం దగ్గరే ఆగాడు. గండం గడిచిందని నేను ఊపిరి వదలబోయాను. అప్పుడు వినిపించింది పటేలు మనిషి గొంతు, ఏడుపు లాంటి గొంతు. "మూడొద్దులా? అంటే పురుటి మైలలనే పొద్దుగాల నాకు చల్ల పోసినవా? అయ్యో, నా మొక్కు ఖతం చేస్తివి గదమ్మా!"

ఆయన మాకు చెరుపు చేయాలని అనలేదు, నేను ఇప్పటికీ ప్రమాణం చేసి చెబుతాను. పాపం, ఆయన భయం ఆయనది, లింగమయ్య భయం. పురుడు వచ్చిన ఇంటి నీళ్లు కూడా ముట్టరు, అటువంటిది చల్ల! కానీ జమేదారు బుర్ర ఉన్నవాడు. ఏమిటి, ఏమిటి అని అడిగి, మైల అంటే ఏమిటో చెప్పించుకుని, పురుడు ఉన్న ఇల్లు చల్ల ఎందుకు పంచుతుందని అమ్మనే అడిగాడు. అంత ముందుచూపు ఉన్న మనిషి ఆ పొద్దున తెలివిగా చేసిన పనికే దొరికిపోయింది. జమేదారు మంత్రసానిని పిలుచుకు రమ్మని పటేలు మనిషిని పంపాడు. పొయ్యి మీద నూనె ఒక్కటే మాట్లాడుతోంది, చిటపటా, చిటపటా. అది పేలినప్పుడల్లా నా గుండె పేలింది. నేను చెయ్యి మంచం కిందికి జార్చాను. అన్న నా వేళ్లు పట్టుకున్నాడు. ఆ వేడి తలుచుకుంటే ఇప్పటికీ ఈ చెయ్యి బరువెక్కుతుంది. మంత్రసానికి ఏం తెలుసు? ఈ ఇంట్లో తను ఏ కాన్పూ చేయలేదని తెలుసు. అబద్ధమాడితే ఆమె ఇల్లు కూడా తగలబెడతారని తెలుసు.

ఆమె వచ్చింది. వస్తూనే గదిలోకి రాలేదు, జమేదారును పలకరించలేదు, తిన్నగా పొయ్యి దగ్గరికి పోయింది. "ఎవలే ఈ నూనెను గాలికి వదిలింది? మాడితే బాలెంతకు ఏం రాస్తరు?" అని అరిచింది. వత్తి ముంచి వెలిగించినట్టుంది. కాసేపు చెవులు రిక్కించాను, ఏ చప్పుడూ లేదు. "అయింది, దించు," అంది అమ్మతో. అప్పుడు తలుపు తెరుచుకుంది.

నన్నూ మా అన్ననూ ఈ లోకంలోకి లాగింది ఆ చేతులే. ఆమె నా ముఖం చూసింది. నా కడుపు చూసింది. వంగి బొంత పక్కకు తీసి అన్నను చూసింది, మళ్లీ బొంత సర్దింది. నేను రెండు చేతులూ జోడించాను. ఆమె నా పక్కనున్న మూటను తీసుకుంది. ఎట్లా తీసుకుందంటే, ఒక అరచెయ్యి మూట పై కొసకింద పెట్టి, మెడ నిలవని పసిపిల్ల తలను ఆనించినట్టు ఆనించి, రొమ్ముకు అదుముకుని గడపలోకి పోయింది.

"ఆడపిల్ల. సూస్కోండ్రి. జర దూరంకెల్లి సూడుండ్రి, గాలి సోకుతది," అంది. పటేలు మనిషి మళ్లీ మూడొద్దుల మాట ఎత్తాడు. ఆమె అందుకుంది. "మూడొద్దులు ఏడియి? పొద్దుగాల నువ్వు చల్ల తీస్కపోయినంకనే నొప్పులు లేసినయి. ఇన్ని తుపాకులు సూసినంక తల్లికి దినాలు మతికుంటయా? బుగులుకు నాకే నా పేరు యాదికి లేదు. నీ మొక్కు ఏం చెడలే, పో!" దారి పొడుగునా ఆయన తన మొక్కు గోడంతా ఆమెకే వెళ్లబోసుకున్నాడట, ఏం చెప్పాలో ఆమెకు అక్కడే తెలిసిపోయింది. ఆయన ముఖం వెలిగిపోయిందనీ, జమేదారు మాత్రం పసిగుడ్డు ముందు తన బూట్లు చూసుకుని రెండడుగులు వెనక్కి వేశాడనీ అమ్మ తర్వాత చెప్పింది. బూట్ల చప్పుడు దూరమైంది. మంత్రసాని లోపలికి వచ్చి మూటను నా ఒడిలో పెట్టి, గోడకు చేరగిలబడింది.

చెప్పిన పురుడు చేసి తీరాలి గదా. బారసాల దాకా మైల పట్టాం, చాకలామె వచ్చి బట్టలు తీసుకుపోయింది, మంత్రసానికి చీరా చేటెడు బియ్యమూ ముట్టాయి. కబురు మిర్యాలగూడకు నాకన్నా ముందే పోయింది. మా అత్తగారు కడుపు లేకుండా బండి ఎక్కిన కోడలికి కాన్పు ఎట్లా అయిందని మంచం ఎక్కిందట. కోదాడ నుంచి తిరిగొచ్చిన నాన్న పరుగెత్తిపోయి చెవిలో నిజం చెప్పేదాకా దిగలేదు. బిడ్డ పోయిందని ఊరికి చెబుదామంటే మంత్రసాని ఒప్పుకోలేదు. "అసుంటి మాట నోట్లకెల్లి రావద్దు. అత్తగారింట్ల పెరుగుతున్నదని చెప్పుండ్రి," అంది. ఆ నూనెతోనే అన్న లేచాడు. నడవగలిగాక కోదాడ పక్కగా సరిహద్దు దాటి ఆంధ్ర వైపున్న మేనమామ ఇంటికి పోయాడు, రోజులు బాగుపడ్డాక వచ్చాడు. భుజం సరిగ్గా అతకలేదు గానీ, మనవల పెళ్లిళ్లు చూసే పోయాడు.

నా కడుపు పండింది. రెండేళ్ల తర్వాత అదే గది, అదే మంచం, అదే మంత్రసాని. నొప్పులకు నేను కేకలు పెడుతుంటే, "మొదటి కాన్పు బుగులంతా ఆనాడే పడ్డవు గదనే, ఇది నీకు రెండోది," అని నవ్వింది. ఆడపిల్లే పుట్టింది. ఆమె నా బిడ్డను ఎత్తి, తల కింద అరచెయ్యి పెట్టి నాకు చూపించింది. ఆ రాయిని పట్టుకున్నప్పుడు ఎట్లా పట్టుకుందో అట్లాగే, అంతకన్నా ఎక్కువా లేదు, తక్కువా లేదు. అప్పుడు ఏడ్చాను, రెండేళ్లుగా దాచుకున్నదంతా. ఎన్ని దశాబ్దాలు ఆ గది మీదుగా నడిచిపోయినా, ఆ తలుపు తెరుచుకునే ముందటి ఆ కాసేపు మాత్రం నాలో ఇంకా గడవలేదు.