పిన్ని బల్ల మీదికి రాని గుండె

మా పిన్ని బతుకంతా పొదగని గుడ్లతోనే గడిచింది. కోళ్ల హేచరీలో ఆమెకో బల్ల, బల్ల మీద ఓ దీపం, ఓ చిన్న చాకు, కింద రెండు బకెట్లు. పిల్లలు బయటికి వచ్చేశాక యంత్రంలో మిగిలిపోయిన గుడ్లన్నీ ట్రేలలో ఆమె ముందుకు వస్తాయి. ఒక్కొక్కటీ పగలగొట్టి, లోపలి పిల్ల ఏ దశలో ఆగిపోయిందో, ఎందుకు ఆగిపోయిందో ఆమె చెప్పాలి. ఆ మాటను బట్టి మేనేజరు యంత్రంలో వేడి తగ్గించడమో తేమ పెంచడమో చేస్తాడు. హేచరీలో అందరూ ఆమెను పోస్టుమార్టం పిన్ని అంటారు. వాళ్లకు వరస కాదు, నాకు అవుతుంది. మా అమ్మకు సొంత చెల్లెలు.

ఇక నేనంటారా, అదే హేచరీలో కోడిపిల్లల వ్యాను నడుపుతాను. తొమ్మిదో తరగతికి వచ్చేసరికి మాస్టార్ల దగ్గర నాకు చెప్పడానికి సరుకు అయిపోయింది. పాపం, వాళ్లను ఇబ్బంది పెట్టడం ఎందుకని బడి నేనే మానేశాను. నేను ఎంత పదిలంగా నడుపుతానంటే, నా వ్యాను ఎక్కిన పిల్ల దిగేసరికి పుంజై కూత పెడుతుంది. దీన్ని నమ్మనివాళ్లు కొందరున్నారు. అందరికన్నా ముందు వరసలో మా పిన్ని ఉంటుంది.

ఉద్యోగంలో చేరిన కొత్తలో సరదాగా ఆమె బల్ల దగ్గర నిలబడ్డాను. ఆమె ఒక గుడ్డు పగలగొట్టింది. పచ్చసొన మీద సన్నటి నెత్తుటి ఉంగరం ఉంది.

“ఇదిగో, గుండె మొదలైంది, ఆగింది” అంది.

“గుండా? కళ్లు లేవు, కాళ్లు లేవు, అప్పుడే గుండేంటి పిన్నీ?”

“అన్నిటికన్నా ముందు పనిలోకి దిగేది అదేరా. మూడో రోజుకల్లా ఎర్రటి చుక్క ఎగిరెగిరి పడుతుంది. నీకు తలకాయ ఇంకా ఏర్పడనేలేదు, గుండె కొట్టుకోవడం లేదూ? అలాగే.”

తర్వాతి గుడ్డులో పిల్ల పూర్తిగా ఎదిగి ఉంది. ముక్కు ఉంది, తడిసిన నూగు ఉంది. గుండె మాత్రం రొమ్ము బయట, బఠాణీ గింజంత, వేలాడుతోంది. పిన్ని దాన్ని చాకు మొనతో కదిపి, “వేడి ఎక్కువైంది. రొమ్ము మూసుకోలేదు. గుండె గుమ్మంలోనే నిలబడిపోయింది” అని బకెట్లో వేసేసింది. పిడుగు పడినా కన్నార్పని వాణ్ణని పేరున్న నేను ఆ పూట భోజనం మానేశాను.

ఆ బల్ల దగ్గరికి మరెవరూ రారు. మురిగిన గుడ్డు చేతిలో పేలితే ఆ కంపు ఎలా ఉంటుందంటే, ఒకసారి దెబ్బకు గోడ మీది గడియారం ఆగిపోయింది. బాబాయి జ్వరంతో పోయేనాటికి వాళ్ల ఒక్క కూతురు, అంటే నా చెల్లి, పాలు తాగే పిల్ల. మగవాళ్లు వద్దని పారిపోయిన ఆ పనిని పిన్ని అడిగి మరీ తీసుకుంది. చెల్లి పలకా బలపం దగ్గర్నుంచి పెళ్లిబట్టల దాకా ఆ రెండు బకెట్లే పోషించాయి. కూతురంటే పిన్నికి ప్రాణం. ఆ ప్రాణం నోటితో చెప్పడం ఆమెకు రాదు. “తిన్నావా” అని అడుగుతుంది, అంతే.

చెల్లికి కడుపు పండింది. సగం నెలలు నిండాక స్కానింగు చేయించాలన్నారు. దాని మొగుడు, మా బావ, లిఫ్టులు బాగుచేస్తాడు. ఆ రోజే ఎవరో రెండంతస్తుల మధ్య ఇరుక్కుపోతే పరిగెత్తాడు. నా వ్యానులోనే తల్లీకూతుళ్లను తీసుకెళ్లాను. మగవాళ్లు బయట ఉండాలన్నారుగానీ ‘బయట’ అనే మాట నా చెవికి ఎక్కదు. లోపలికి వెళ్లి తలుపు పక్కన నిలబడ్డాను.

డాక్టరమ్మ మొదట్లో గలగలా మాట్లాడింది. ఇదిగో చెయ్యి, ఇదిగో మడమ అని చూపించింది. ఉన్నట్టుండి మాట ఆగిపోయింది. పొట్ట మీద ఒకేచోట పరికరాన్ని అటు తిప్పి, ఇటు తిప్పి, మళ్లీ అక్కడికే తెచ్చింది.

“గుండె కట్టుబడిలో తేడా ఉందమ్మా” అంది చివరికి.

చెల్లి లేచి కూర్చోబోయింది. డాక్టరమ్మ భుజం పట్టి పడుకోబెట్టి, నిదానంగా చెప్పింది. “మొదట్లో గుండె అంటే ఒక తిన్నటి గొట్టం, అంతే. నెల తప్పిందేమోనని మీరు అనుమానపడే రోజుల్లోనే అది కొట్టుకోవడం మొదలుపెడుతుంది. పెరుగుతూ పెరుగుతూ ఒక పక్కకు మెలికపడుతుంది. లోపల గోడలు లేచి నాలుగు గదులవుతాయి. బయటికి పోయే పెద్ద గొట్టం మాత్రం ఇంకా ఒకటే. దాని మధ్యలోనూ ఒక గోడ దిగి, దాన్ని రెండు చేస్తుంది. ఒకటి ఊపిరితిత్తులకు, ఒకటి ఒంటికి. ఆ గోడ ఇలా దిగాలి.”

పొట్ట మీది జిగురు తుడిచే కాగితాన్ని పొడుగ్గా చింపి, తడిబట్ట పిండినట్టు మెలితిప్పి చూపించింది.

“మీ బిడ్డలో మెలి తిరగలేదు. తిన్నగా దిగింది. దాంతో రెండు గొట్టాలూ ఒకదాని చోట ఒకటి అతుక్కున్నాయి. ఒంట్లో తిరిగి వచ్చిన నల్లరక్తం మళ్లీ ఒంట్లోకే పోతుంది. ఊపిరితిత్తుల్లో శుభ్రపడిన రక్తం మళ్లీ అక్కడికే పోతుంది. కడుపులో ఉన్నన్నాళ్లూ ఫరవాలేదు, నీ ఊపిరే దాని ఊపిరి. చిక్కంతా బయటికి వచ్చాకే.”

“నేనేం చేశాను డాక్టర్? పడిపోలేదు, ఏ మందులూ మింగలేదు...”

“నువ్వేమీ చేయలేదమ్మా. చాలాసార్లు ఇది ఎందుకిలా అవుతుందో మాకూ తెలియదు.”

లోకంలో ఇంతమంది తిరుగుతున్నారు. అందరి రొమ్ముల్లోనూ ఆ గోడ సరిగ్గా మెలి తిరిగే దిగిందా? నా దాంట్లో ఎలా దిగిందో? చొక్కా మీద చెయ్యి వేసి చూసుకున్నాను.

సరిగ్గా అప్పుడే పిన్ని నోరు తెరిచింది. మేనేజరుకు చెప్పే గొంతుతో, అదే తీరులో అంది.

“ఇది పొదగదు.”

డాక్టరమ్మ చేతిలోంచి కాగితం జారిపోయింది. పిన్ని కూడా తన మాట తానే విని అదిరిపడింది. అప్పటికే ఆలస్యమైపోయింది.

“నేను చెప్పేది పూర్తిగా వినండి!” డాక్టరమ్మ గొంతు లేచింది. “పుట్టగానే మందు ఎక్కిస్తాం. ఆ తర్వాత ఆపరేషన్. ఇలాంటి పిల్లలు ఎంతోమంది బడికి వెళ్తున్నారు.”

వసారాలోకి వచ్చాక చెల్లి తల్లి వైపు తిరిగింది. కళ్లలో నీళ్లు లేవు, నిప్పులున్నాయి.

“ఏమన్నావో తెలుసా అమ్మా?”

“నోరు జారిందే. కానీ ఇన్నేళ్లుగా చూస్తున్నాను కదా. గుండె తప్పుగా కట్టుకున్నది ఒక్కటీ...”

“నీ బల్ల మీదికి వచ్చేవే చచ్చినవి! బతికినవి నీ దగ్గరికి ఎందుకొస్తాయి? అన్నయ్య వ్యాను ఎక్కి పోతాయి. వాటిలో ఎన్నిటి గుండె వంకరగా ఉందో ఏనాడైనా కోసి చూశావా?”

ఇన్నేళ్లూ పిన్ని చూసింది ఓడిపోయినవాటినే. లోకమంతా అలాగే ఉంటుందనుకుంది. ఈ మాట హేచరీలో ఒక్కడికీ తట్టలేదు. ఇంతటి బుర్ర పెట్టుకుని నాకూ తట్టలేదు.

“బిడ్డ పుట్టి, ఇంటికి వచ్చేదాకా మా గుమ్మం తొక్కకు” అనేసి చెల్లి ఆటో ఎక్కింది. నా వ్యాను కూడా ఎక్కలేదు.

తర్వాతి నెలల్లో పిన్ని పనిలోకి వస్తూనే ఉంది, గుడ్లు పగలగొడుతూనే ఉంది. కానీ చెయ్యి మధ్యలో ఆగేది. ఒకరోజు నన్ను పిలిచింది.

“ఒరేయ్, నీ వ్యాను ఎక్కేవన్నీ బాగున్నవేనా?”

“బాగుండటమా! పోటీ పెడితే గుర్రాలు...”

“నిజం చెప్పి చావరా, ఒక్కసారన్నా.”

చెప్పాను. “కొన్ని లేవలేక మూలన కూలబడతాయి పిన్నీ. వాటిలో కొన్ని పోతాయి. కొన్నిటిని దింపేటప్పుడు చూస్తే మామూలుగానే గెంతుతుంటాయి. ఏవి ఏవో నాకు తెలీదు.”

ఆమె మళ్లీ చాకు తీసుకుంది.

ఆడపిల్ల పుట్టింది. పుట్టగానే గట్టిగా ఏడ్చింది. బావ నన్ను వాటేసుకుని గిరగిరా తిప్పాడు. ఆ సంబరం తీరకముందే అద్దం అవతల పాప పెదాలు సిరా పూసినట్టు మారాయి. గోళ్లు మారాయి. మనిషి అంత నీలంగా మారడం నేనెప్పుడూ చూడలేదు. ఏ కథలోనూ కల్పించి చెప్పలేదు కూడా. మందు ఎక్కించారు. అది చాల్లేదు. గుండె డాక్టరు పరిగెత్తుకొచ్చి, “సన్నటి తీగ చివర బెలూను కట్టి, నరంలోంచి గుండెలోకి పంపి, చిల్లు పెద్దది చేస్తాం. సంతకం పెట్టండి” అన్నాడు.

బావ సంతకం పెట్టబోయి ఆగాడు. “చిల్లు పడితేనే కదండీ జబ్బు?”

“ఈ పాపకు ఆ చిల్లే ప్రాణం. కడుపులో ఉన్న పిల్లలందరికీ గుండె పైగదుల మధ్య ఒక కిటికీ ఉంటుంది. పుట్టాక మూసుకుంటుంది. దీనికి మూసుకోకూడదు. రెండు రక్తాలూ కలిసే దారి అదే.”

కలిశాయి. మా కళ్లముందే సిరా వెలిసిపోయి, ఆ పెదాల్లోకి మనిషి రంగు వచ్చింది. వ్యాను తీసి ఒక్క పరుగున హేచరీకి వెళ్లాను.

“పిన్నీ! పాప పుట్టింది! నీలంగా అయిపోయింది! గుండెలోకి బెలూను పంపి, చిల్లు పెట్టి బతికించారు!”

చెంప పగిలింది. ఆమె చేతికున్న సొన నా మీసాలకు అంటుకుంది.

“పసిగుడ్డు ప్రాణం మీద కూడా కట్టుకథలేనా! గుండెకు చిల్లు పెట్టి బతికిస్తారట్రా, గాడిదా?”

“నీ మీద ఒట్టు పిన్నీ!”

“నా మీద నువ్వు పెట్టిన ఒట్లకి నేను ఎప్పుడో పోవాల్సింది.”

పుట్టి బుద్ధెరిగాక మొట్టమొదటిసారి కల్తీలేని నిజం చెప్పి దెబ్బ తిన్నాను. నేను చెబితే నమ్మదు, నమ్మకుండా ఉండలేదు. కూతురు పెట్టిన ఆన మరిచి, పని బట్టలతోనే వచ్చి వ్యానులో కూర్చుంది. ఆసుపత్రిలో గుండె డాక్టరు నా మాటలే మళ్లీ పొల్లుపోకుండా చెప్పాడు. పిన్ని అక్కడే నేల మీద చతికిలబడింది.

కొన్నాళ్లకు ఆపరేషన్. అదీ గుండె ఆపి చేస్తారట. గుండె చేసే పని ఒక మిషను చేస్తుందట. రెండు గొట్టాలనూ కోసి, దేని చోట దాన్ని కుడతారట. ఇంత పెద్ద మాట నేను చెప్పి ఉంటే రెండో చెంపా పగిలేది. వసారాలో బెంచీ ఒకటే ఉంది. చెల్లి వచ్చి తల్లి పక్కన కూర్చుంది.

“ఇప్పుడు ఆపేసి ఉంటారు” అంది చివరికి చెల్లి, గోడ వైపు చూస్తూ.

పిన్ని తన చేతుల వైపు చూసుకుంది. “ఆగింది మళ్లీ మొదలవడం నేను చూడలేదే.”

“చూడలేదుగా. కూర్చో.”

కూర్చుంది. పైట చెంగు నోట్లో కుక్కుకుని, తలుపు మీదినుంచి చూపు తిప్పకుండా కూర్చుంది. తలుపు తెరుచుకుని డాక్టరు బయటికి వచ్చి తలూపినప్పుడు బావ ఏడ్చాడు, చెల్లి ఏడ్చింది, నేను కంట్లో నలక పడిందన్నాను. పిన్ని మాత్రం తల అడ్డంగా ఊపింది. నమ్మలేదు.

పాపను మామూలు వార్డుకు మార్చాక చెల్లి పిలిచింది. “తీసుకో. చంకల కింద పట్టుకుని లేపకూడదట. వీపు కింద ఒక చెయ్యి, పిర్రల కింద ఒక చెయ్యి.”

పిన్ని చేతులు వెనక్కి దాచుకుంది. “వద్దులే. ఎంత కడిగినా వాసన పోదు.”

“నేను పెరిగింది ఆ వాసనలోనే కదా. పట్టుకో.”

పట్టుకుంది. మరుక్షణం కరెంటు కొట్టినట్టు ఉలిక్కిపడింది. ఎక్కడ వదిలేస్తుందోనని నేనూ బావా కింద చేతులు పెట్టాం.

“ఏమైందమ్మా?”

“కొట్టుకుంటోందే!”

“కొట్టుకోక ఏం చేస్తుంది మరి?”

“కాదే, నా అరచేతిలో... ఇదిగో, ఇక్కడ కొట్టుకుంటోంది!” పక్క మంచం ఆవిడకు చెప్పింది, ఆవిడ భర్తకు చెప్పింది. బల్ల తుడుస్తున్న మనిషిని పిలిచి చెప్పింది. వినేవాళ్లకు అందులో వింతేమిటో అర్థం కాలేదు. పిన్ని కళ్లు మాత్రం అలా విచ్చుకునే ఉన్నాయి.

మందు వేళయిందని నర్సు వచ్చి పాప కోసం చేతులు చాచింది. పిన్ని ఇవ్వలేదు.

“ఉండమ్మా” అంది. “ఇది ఆగట్లేదు.”