పిల్లల్ని రావద్దన్న పెళ్ళి

ఉజ్బెకిస్తాన్‌లోని మర్గిలాన్ బజారులో ఉయ్యాల తొట్ల వరసలో హోషిమ్ మామ కొట్టు పేరున్న కొట్టు. తొట్లు ఆయన చేయిస్తాడు. వాటి మీద కప్పే మఖ్మలు దుప్పట్లూ, పసిబిడ్డ కదలకుండా కట్టే పట్టీలూ, చిన్న పరుపులూ సనోబర్ కుడుతుంది. పదమూడేళ్ళుగా అదే పని, అదీ కొట్టు ముందు కాదు, వెనక గదిలో. ఎందుకంటే మనవడికి తొట్టి కొనడానికొచ్చే అమ్మమ్మలు ముందుగా అడిగేది రంగు గురించి కాదు. "కుట్టిందెవరు? పిల్లలు గలదేనా?" అని అడుగుతారు. "అయిదుగురు కొడుకుల తల్లి" అని హోషిమ్ మామ తడుముకోకుండా చెప్పేవాడు. సనోబర్‌కి ఒక్కరూ లేరు, అయినా అంత చక్కని పనితనం వదులుకోవడానికి ఆయనకేం మతిపోలేదు. సాయంత్రం కొట్టు కట్టేస్తూ, "ఏమ్మా, నీ చిన్నోడికి దగ్గు తగ్గిందా?" అనేవాడు. "తగ్గింది మామా, పెద్దోడే మాట వినట్లేదు" అనేది సనోబర్. నవ్వేది కూడా. నవ్వినంత మాత్రాన నొప్పి లేదని కాదు.

ఇరవయ్యో ఏట ఆమెకి పెళ్ళయింది. ఆ రోజు అత్తింటి ఆడవాళ్ళు ఆనవాయితీ ప్రకారం ఒక బొద్దు మగపిల్లాణ్ణి తెచ్చి పెళ్ళికూతురి ఒళ్ళో కూర్చోబెట్టారు. ఆమె వాడి నుదుటి మీద ముద్దుపెట్టి, చేతిరుమాలు కానుకిచ్చింది. "ఏడుగురు కొడుకుల్ని కనాలి" అని అందరూ దీవించారు. ఆ దీవించిన నోళ్ళే ఆరేళ్ళపాటు నెలలు లెక్కపెట్టాయి. ఆడదాని కడుపు సంగతి ఆమెకి తప్ప ఊరందరికీ కావాలి! ఏడో ఏడు మొగుడు తలాఖ్ చెప్పాడు. సనోబర్ ఒక సూట్‌కేసుతో పుట్టింటికి వచ్చేసింది.

కొట్టులో కుట్టుమిషను బాగుచేయడానికి వచ్చేవాడు తుర్గున్. భార్య పోయి నాలుగేళ్ళు, ఏడేళ్ళ కూతురుంది. నెమ్మదస్తుడు. మిషను బాగానే ఉన్నా వారానికోసారి వచ్చి దానికి నూనె వేసేవాడు. "ఇంక వేస్తే ఆ నూనెలో సమోసాలు వేయించుకోవచ్చు. అడగాల్సిందేదో అడుగు నాయనా!" అని హోషిమ్ మామే విసుక్కున్నాడు. తుర్గున్ అడిగాడు. ముప్పై తొమ్మిదేళ్ళ సనోబర్ రెండు రోజులు ఆలోచించి సరేనంది. ఒకే ఒక్క షరతు పెట్టింది.

"పెళ్ళికి పిల్లలెవరూ రాకూడదు. శుభలేఖలోనే వేయించండి."

ఎందుకని అతను అడగలేదు. "అలాగే" అన్నాడు.

అడిగింది అతని అక్క మస్తూరా. ఆమెకి నలుగురు పిల్లలు, నోరు కూడా నలుగురి పెట్టు. కబురు తెలిసిన గంటలో కొట్టు వెనక గదికి వచ్చేసింది.

"ఏం సనోబర్, పిల్లలు లేని పెళ్ళేంటమ్మా? ఉప్పు లేని పిలావులాగా! నా చంటాడు ఏం పాపం చేశాడు?"

"చోటు చాలదు వదినా" అంది సనోబర్, సూదిలో దారం ఎక్కిస్తూ.

"చోటుకేం! ఒళ్ళో కూర్చోబెట్టుకుంటే సరి."

ఆ ఒళ్ళో అన్న మాటకి సనోబర్ చేతిలో దారం జారిపోయింది. ముప్పై తొమ్మిదేళ్ళ పెళ్ళికూతురి ఒళ్ళో మళ్ళీ ఒక పిల్లాడు. నోటితో దీవిస్తూ కళ్ళతో అయ్యో పాపం అనే ఆడవాళ్ళు మళ్ళీ చుట్టూ. అది ఇంకోసారి తట్టుకోవడం తన వల్ల కాదు. తల వంచుకుని మళ్ళీ దారం ఎక్కించుకుంది.

మర్నాడు మధ్యాహ్నం బడి వదిలాక తుర్గున్ కూతురు ఇరోదా కొట్టుకి వచ్చింది. వీపున సంచీ, చేతిలో అచ్చుకి పోబోయే శుభలేఖ నమూనా. రెండో తరగతికొచ్చిన దగ్గర్నుంచీ ఆ పిల్ల సబ్బు కాగితం కూడా వదలకుండా పైకి చదువుతుంది.

"దయచేసి పిల్లలు లేకుండా రావలెను" అని చదివి, తలెత్తింది. సనోబర్‌ని ఆపా, అంటే అక్కా, అని పిలుస్తుంది. "ఆపా, ఆ రోజు నేనెక్కడుండాలి?"

సనోబర్ మిషను ఆపేసింది.

"పక్కింట్లో ఉండమంటే కుక్కుంది. నాకు భయం. మా ఇంట్లోనే ఉంటా, తాళం నాకిస్తారా? ఒక్కదాన్నే ఉండగలను. మీరూ నాన్నా ఎన్నింటికొస్తారు?"

ఏడవలేదు, అలగలేదు. ఏర్పాట్లు చూసుకుంటోందంతే. సనోబర్‌కి గుండె కలుక్కుమంది. ఇన్నాళ్ళూ తన పుండు ఎవరూ ముట్టుకోకుండా కాచుకోవడమే సరిపోయింది. ఈ పిల్లని గుమ్మం బయట నిలబెడుతున్నానన్న ఆలోచనే రాలేదు. సిగ్గుతో ఆమెకి కళ్ళు మండాయి.

"నువ్వు రాకపోతే ఎలా? నువ్వు మాతోనే వస్తావు."

"మరి మస్తూరా అత్త పిల్లలు? వాళ్ళు ఏడుస్తారు కదా. ఎందుకు రావద్దన్నారు?"

అబద్ధం నోటిదాకా వచ్చింది కానీ సనోబర్ చెప్పలేకపోయింది. "పెళ్ళిలో నా ఒళ్ళో ఒక పిల్లాణ్ణి కూర్చోబెడతారు, పిల్లలు పుట్టాలని. ఇదివరకు కూర్చోబెట్టారు. పుట్టలేదు. అందుకని నాకు భయం."

"కుక్కంటే నాకున్నంతా?"

"అంతకంటే ఎక్కువే."

ఇరోదా కాసేపు ఆలోచించింది. హోషిమ్ మామ పెట్టిన ఎండుద్రాక్ష జేబులో పోసుకుని వెళ్ళిపోయింది. సనోబర్ సుద్దముక్క తీసుకుని, ఆ పిల్ల వదిలేసి వెళ్ళిన నమూనాలో ఆ వాక్యం మీద గీత గీసింది.

పెళ్ళి కాలవగట్టు మీది చాయ్‌ఖానాలో జరిగింది. అరవై మంది పెద్దలు, పిల్లలు లెక్కకందలేదు. పిలావు వడ్డన అయ్యాక తుర్గున్ తల్లి హాలిదమ్మ పిలిస్తే ఆడవాళ్ళందరూ సనోబర్ చుట్టూ చేరారు. మస్తూరా తన చంటివాడికి మూతి తుడిచి, ఎత్తుకుని బయల్దేరింది. సనోబర్ మేలిముసుగు కింద పెదవి కొరుక్కుంది.

ఇంతలో బల్ల కింద నుంచి ఎవరో దూరి వచ్చారు. పట్టుగౌను నలిగిపోయిన ఇరోదా పైకి లేచి, ఎవరినీ అడక్కుండా సనోబర్ ఒళ్ళో ఎక్కి కూర్చుంది.

"దిగవే పిల్లా!" అంది మస్తూరా. "తమ్ముణ్ణి కూర్చోబెట్టాలి."

"నేను ముందొచ్చాను" అంది ఇరోదా, బడిలో వరసలో నిలబడినట్టే.

కొందరు నవ్వారు. "ఆడపిల్ల కూర్చుంటే ఎలా? మగపిల్లాడే కదా..." అని ఎవరో గొణిగారు.

సనోబర్ రెండు చేతులూ ఆ పిల్ల చుట్టూ బిగుసుకున్నాయి. "ఉండనీ వదినా. ఇక్కడింక చోటు లేదు" అంది. ఆ మాట అందరికీ వినబడింది.

మస్తూరా తన తల్లి వైపు చూసింది. హాలిదమ్మ ఆ ఇద్దరినీ చూసి, తలగుడ్డ అంచుతో కళ్ళు ఒత్తుకుంది. "ఎందుకే దాన్ని దింపడం? నాలుగేళ్ళయింది అది ఒకరి ఒళ్ళో ఇలా కూర్చుని" అని దోసిళ్ళు పైకెత్తింది. ఏడుగురు కొడుకుల దీవెన అలవాటుగా నోటిదాకా వచ్చినట్టుంది, మింగేసింది. "అల్లా వీళ్ళిద్దర్నీ ఒకరికొకరుగా ఉంచుగాక" అంది. మస్తూరా చంకలో చంటాడితోనే అందరికంటే గట్టిగా ఆమీన్ అంది.

సనోబర్ ఇరోదా నుదుటి మీద ముద్దుపెట్టి, ఆనవాయితీ రుమాలు దాని చేతిలో పెట్టింది. ఆడవాళ్ళు మెల్లగా తమ చోట్లకి వెళ్ళి కూర్చున్నారు. పిల్ల ముసుగు కిందికి తల దూర్చి గుసగుసగా అడిగింది.

"ఆపా, ఇంకా భయమేస్తోందా?"

"వేస్తోంది" అంది సనోబర్. "దిగకు."