అయిదో నెల దాటకముందే

దగ్గరగా జరిగి కూర్చోండి, గుడివాడ నుంచి దివిసీమకి వెళ్లొచ్చిన సంగతి చెబుతాను. మా చెల్లెలి కూతురు దుర్గని నాగాయలంక అవతల ఒక పల్లెలో ఇచ్చాం. అల్లుడు పడవ మీద వేటకి వెళ్తాడు. పిల్ల షెడ్డులో రోజంతా నిలబడి రొయ్యల తలలు తీస్తుంది. "పెద్దమ్మా, నాకు అయిదో నెల. అత్తయ్య ఎవరికీ చెప్పనివ్వట్లేదు" అని ఫోన్లో గుసగుసగా అంది. తొలి కాన్పుకి సర్కారు ఇచ్చే డబ్బు రావాలంటే ఆరు నెలలు నిండకముందే పేరు రాయించాలి. అది వస్తే షెడ్డు మానేయొచ్చని దాని ఆశ.

పొద్దున్నే బందరు ప్యాసింజరు ఎక్కాను. బందరులో దిగి, స్టేషను బయట ఇడ్లీ తిని, తొమ్మిదింటికి అవనిగడ్డ బస్సు పట్టుకున్నాను. ఆధార్ చూపిస్తే ఆడవాళ్లకి సున్నా టిక్కెట్టు. మీరూ కార్డు మరిచిపోకండి. పక్కన చేపలమ్మే ఆవిడ కూర్చుంది.

"తొలి కాన్పుకిచ్చే డబ్బులు నిజంగా పడతాయా అమ్మా?" అని అడిగాను.

"మా కోడలికి పడ్డాయిగా! మావాడు కొత్త ఫోను కొందామని చూశాడు. బ్యాంకు పుస్తకం నా బొడ్లో దోపుకున్నా" అని నవ్వింది.

మోపిదేవిలో దర్శనానికి వెళ్లేవాళ్లు దిగడంతో బస్సు సగం ఖాళీ అయింది. అవనిగడ్డ నుంచి ఆటోలో వెళ్లాను.

వియ్యపురాలు చేపల పులుసుతో అన్నం పెట్టింది. నేను సంగతి ఎత్తగానే ముఖం ముడుచుకుంది.

"పేరు రాయిస్తే ఊరంతా తెలుస్తుంది వదినగారూ. కిందటేడు అందరికీ చెప్పాం, కడుపు నిలబడలేదు."

ఆవిడది భయం, కోపం కాదు. "పోనీ, మా ఊళ్లో రాయిస్తాను. గుడివాడలో మీ కోడలి మీద ఎవరి దిష్టి పడుతుంది?" అన్నాను.

"అయితే ఏడో నెలలో తీసుకెళ్లండి."

"అప్పటికి గడువు దాటిపోతుందమ్మా!"

"ఆరో నెలలో మాత్రం పంపను. సరి నెలలో పుట్టింటికి గడప దాటించం."

దుర్గ తల ఎత్తకుండా అన్నం కలుపుతూ, "ఆదివారం దాకా అయిదో నెలే అత్తయ్యా" అంది.

ఆవిడ వేళ్ల మీద లెక్క చూసుకుంది. "ఇంతసేపూ నోట్లో ఏం పెట్టుకున్నావే? లే, ఆటో వెళ్లిపోతుంది!" అంటూనే కోడలి అరికాలికి కాటుక చుక్క పెట్టింది.

దారిలోనే మా అంగన్‌వాడీ టీచరుకి ఫోన్ చేశాను. "ఆధారు, బ్యాంకు పుస్తకం, ఆస్పత్రి కార్డు పట్టుకుని పొద్దున్నే రండి" అంది. అవన్నీ దుర్గ ముందే సంచిలో పెట్టుకుంది.

సాయంత్రం బందరులో రైలెక్కాం. ఎదురు సీటావిడ, "ఎన్నో నెలమ్మా?" అంది. దుర్గ పైట లాక్కోబోయి ఆగింది. "అయిదండీ. రేపు పేరు రాయిస్తున్నాం" అని అడగనిది కూడా చెప్పింది. ఆ ఒక్క మాట బయటికి రావడానికే ఇంత దూరం వెళ్లొచ్చామనిపించింది.

విన్న మీ ఇంట పురుళ్లు చల్లగా జరగాలి, తల్లులు కంటినిండా నిద్రపోవాలి.