ఏడో బోర్డు

తెనాలిలో మా ఇంటికి రెండు వీధుల అవతల ఒక నెట్ సెంటర్ ఉండేది. నేను డిగ్రీ చదివే రోజులు, రెండు వేల ఐదు దాటిన కాలం. ఇప్పుడు ఎవరైనా అలాంటి చోట పది నిమిషాలు కూర్చోమంటే నేను కూర్చోలేను. ప్లైవుడ్డుతో కట్టిన ఇరుకు అరలు, ఒక్కో అరకి జిడ్డు పట్టిన కర్టెను. కీబోర్డు అక్షరాల సందుల్లో మిక్చరు పొడి. హెడ్‌ఫోన్ల స్పాంజి ఎవరెవరి చెమటో పీల్చి నల్లగా గట్టిపడి ఉండేది. కుర్చీ వెనక మూలంతా గుట్కా ఉమ్మి. అప్పట్లో మౌస్ అడుగున రబ్బరు బంతి ఉండేది. మూత తిప్పి బంతిని తీస్తే లోపలి చిన్న చక్రాల చుట్టూ బూడిదరంగు మురికి పట్టీలా చుట్టుకుని కనిపించేది. ఊళ్లో వందమంది చేతుల మురికి అది. దాన్ని గోటితో గీకితే తప్ప తెర మీద బాణం గుర్తు తిన్నగా కదిలేది కాదు. రోజూ గీకేవాణ్ణి. చెయ్యి ప్యాంటుకి తుడుచుకుని ఆట మొదలుపెట్టేవాణ్ణి.

తెర మీద ఒక గది ఉంటుంది, పైకప్పు తీసేసి పైనుంచి చూస్తున్నట్టు. ఒక మూల చిన్న ఫిరంగి, ఇంకెక్కడో ఎర్రదీపం. మధ్యలో గోడలు, దిమ్మలు. ఫిరంగి నుంచి గుండు వదిలితే అది గోడకి కొట్టుకుని, ఎంత వాలుగా వచ్చిందో అంతే వాలుగా అవతలికి ఎగిరిపోతుంది. అలా గోడ నుంచి గోడకి తగులుతూ చివరికి దీపాన్ని కొట్టాలి. ఒక్కో గదినీ మేం బోర్డు అనేవాళ్లం.

మిగతావాళ్లు అడ్డదిడ్డంగా పేల్చుకుంటూ పోయేవాళ్లు. ఇరవై గుండ్లకి ఒకటి తగిలితే కేకలు. అది చూస్తే నాకు ఒళ్లు మండేది. మా నాన్నకి, నేను అబ్బ అని పిలిచేవాణ్ణి, మెయిన్‌రోడ్డు పక్క సందులో అద్దాలు కోసే షాపు. చిన్నప్పట్నుంచీ అందులో కూర్చున్నవాణ్ణి గనక నాకొక సంగతి వేరే చెప్పక్కర్లేదు. గోడకి అద్దం ఉంటే, గోడ వెనక అచ్చం అలాంటి గదే ఇంకొకటి ఉన్నట్టు కనిపిస్తుంది. ఆటలోనూ అంతే. గుండు ఏ గోడకి తగలాలో ఆ గోడని అద్దం అనుకోవాలి. అందులో దీపం ఎక్కడ కనిపిస్తుందో అక్కడికి, గోడ అవతలికి, తిన్నగా గురిపెట్టాలి. గుండు గోడ దగ్గర మళ్లి అసలు దీపం మీదికే పోతుంది. రెండు గోడలైతే అద్దంలో అద్దం.

తర్వాత ఇంకొన్ని తెలిశాయి. ఫిరంగి వైపు నుంచి ఆలోచించకూడదు, దీపం వైపు నుంచి వెనక్కి రావాలి. దీపానికి ముందు గుండు తగిలే ఆఖరి గోడ ఏది కావచ్చు? చాలా బోర్డుల్లో దానికి ఒకటో రెండో తప్ప జవాబులుండవు. సరిగ్గా మూలలోకి పోయిన గుండు రెండు గోడలకీ తగిలి, వచ్చిన దారి పక్కనుంచే వెనక్కి వస్తుంది. అందుకని దీపం ఫిరంగి పక్కనే దాక్కుని ఉంటే మూలని వాడుకోవాలి. గుండు వెంట్రుకవాసిలో తప్పిపోతే కంగారుపడి గురంతా మార్చకూడదు. ఫిరంగి దగ్గర పిసరంత తేడా నాలుగో గోడకి చేరేసరికి జానెడవుతుంది.

ఇవన్నీ గళ్ల నోటుబుక్కులో రాసుకున్నాను. ఆ ఆటలో సొంతంగా బోర్డులు తయారుచేసుకునే వీలు కూడా ఉండేది. చివరి పేజీల్లో పది బోర్డులు గీశాను, జవాబులతో సహా. వాటిల్లో ఏడోదంటే నాకు ప్రాణం. గుండు ఐదు గోడలకి తగిలి, సన్నటి ద్వారంలోంచి దూరి దీపాన్ని కొట్టేది. దాన్ని తీసి చూసుకుని మురిసిపోయేవాణ్ణి.

నాతో పాటు ఒక స్నేహితుడు వచ్చేవాడు, అంగలకుదురు నుంచి సైకిలు మీద. ఆటకి కావలసిన ఓపిక వాడికి లేదు గానీ మాటలతో ఎవరినైనా పడగొట్టేవాడు. ఒకరోజు నోటుబుక్కు అడిగి తీసుకెళ్లి వారానికి తిరిగిచ్చాడు. ఎందుకని నేను అడగలేదు. నెల తర్వాత వచ్చి, బాపట్ల దగ్గర ఒక ఇంజినీరింగ్ కాలేజీలో తన బాబాయి కొడుకు చదువుతున్నాడనీ, అక్కడ ఫెస్టులో మా ఆట మీదే పోటీ పెడుతున్నారనీ, బయటి కాలేజీల వాళ్లూ రావచ్చనీ చెప్పాడు.

"నీ పేరు ఇచ్చేశాన్రా. నువ్వు రావాలంతే" అన్నాడు.

వెళ్లాం. పోటీ కంప్యూటర్ ల్యాబులో. చెప్పులూ బూట్లూ బయట విప్పించారు. మూసిన ఏసీ గదిలో ముప్పై జతల సాక్సుల కంపు. పది బోర్డులు, ఒక్కోదానికి మూడే గుండ్లు. ఎవరు తక్కువ గుండ్లతో, తక్కువ సమయంలో పూర్తిచేస్తే వాళ్లే విజేత.

మొదటి బోర్డు తెరుచుకుంది. ఎక్కడో చూసినట్టుందనుకున్నాను. రెండోది తెరుచుకునేసరికి అర్థమైంది. అవి నా బోర్డులు. నా నోటుబుక్కులో ఉన్నవి, నేను గీసిన వరసలోనే. తల తిప్పి చూశాను. తలుపు అద్దంలోంచి నా స్నేహితుడు బొటనవేలు పైకెత్తి నవ్వుతున్నాడు.

చెయ్యెత్తి "సార్" అంటే సరిపోయేది. అంతకంటే పెద్ద పనేం కాదు. నేను అనలేదు. అనకపోవడం ఒక ఎత్తు, ఆ తర్వాత చేసింది ఇంకో ఎత్తు. అనుమానం రాకుండా ఆలోచిస్తున్నట్టు నటించాను. తల గోక్కున్నాను. గాలిలో వేలితో గీతలు గీశాను. ఒక చోట పెదవి విరిచి తల అడ్డంగా కూడా ఊపాను. అప్పుడు పేల్చాను. పదికి పదీ మొదటి గుండుకే తగిలాయి.

స్టేజి మీద ఒక లెక్చరరు నా భుజం పట్టుకుని మైకులో, "ఈ కుర్రాడి బుర్ర చూడండి, మన వాళ్లు నేర్చుకోవాలి" అన్నాడు. చప్పట్లు. షీల్డు ఇచ్చారు. రెండో బహుమతి రేపల్లె నుంచి వచ్చిన ఒక బీఎస్సీ అమ్మాయికి. తొమ్మిది బోర్డులు మొదటి గుండుకే కొట్టింది. ఏడోది మాత్రం రెండో గుండుకి.

బయటికి రాగానే స్నేహితుణ్ణి పక్కకి లాగాను.

"నువ్విచ్చావా వాళ్లకి?"

"మరి? పోటీ చూసుకున్నది మా బాబాయి కొడుకే కదా, వాడు కొత్త బోర్డులు కావాలంటే నేనే గీశానని ఇచ్చా. నీకు ముందే చెప్తే వస్తావేంటి? నీకోసమే కదరా చేసింది!"

"ఇది మోసం కాదంట్రా?"

"బోర్డులు నీవి, జవాబులు నీవి. ఇందులో మోసమేంటి? మాట్లాడకుండా పద, బజ్జీలు తిందాం."

వాడు నిజంగానే సంతోషంగా ఉన్నాడు. నా మెడ చుట్టూ చెయ్యేశాడు. ఆ చెయ్యి చెమటతో తడిగా, బరువుగా ఉంది. తీసెయ్యాలనిపించింది. తియ్యలేదు. వాడు బాబాయి కొడుకు దగ్గర ఉండిపోయాడు. నేనొక్కణ్ణే స్టేషన్‌కి వెళ్లి తెనాలి వైపు పాసింజరు ఎక్కాను.

ఎదురుగా ఆ రేపల్లె అమ్మాయి కూర్చుంది, పక్కన వాళ్లమ్మ. ఆవిడ నన్ను చూడగానే గుర్తుపట్టింది.

"ఫస్టు వచ్చింది మీరే కదండి? మా అమ్మాయి రెండోది. పొద్దున్నుంచీ ఏం తిన్నారో ఏంటో, తీసుకోండి బాబూ" అంటూ స్టీలు డబ్బా మూతలో పులిహోర పెట్టిచ్చింది. తాను రేపల్లె బస్టాండు వెనక బట్టలు కుడతానని చెప్పింది. కూతురు పోటీ అంటే మిషన్ మూసి తోడొచ్చిందట.

కాసేపటికి ఆ అమ్మాయి అడిగింది. "ఏడో బోర్డు మీరు ఎలా కొట్టారండి?"

సీటు మీద వేలితో గీసి చెప్పాను. ఈ గోడ, ఆ గోడ, మళ్లీ ఇటు, అలా ఐదు గోడలు, ఆఖర్న ద్వారం. చెబుతుంటే పాత మురిపెం మళ్లీ గొంతులోకి వచ్చేసింది, సిగ్గులేకుండా.

ఆమె అంతా విని, ఒళ్లో ఉన్న కాగితం మీద పెన్నుతో ఆ బోర్డు మొత్తం గీసింది. ఒక్కసారే చూసింది, అయినా ఒక్క దిమ్మ కూడా మర్చిపోలేదు.

"ఇక్కడ, ఈ రెండు దిమ్మల మధ్య సందుంది చూశారా? దీంట్లోంచి వెళ్తే రెండు గోడలతో అయిపోద్దండి. మొదటిసారి కొంచెంలో తప్పింది, రెండోసారి తగిలింది."

నిజమే. నెలల తరబడి దాని వైపు చూస్తూ కూర్చున్నవాణ్ణి, ఆ సందు నాకెప్పుడూ కనిపించలేదు.

"ఎలా కనిపెట్టారు?" అన్నాను.

"మా అమ్మతో క్యారమ్స్ ఆడీ ఆడీ. గోడల్ని చూడకూడదండి, ఖాళీల్ని చూడాలి."

"నా మీద మాత్రం ఇంతవరకూ గెలవలేదు లెండి" అని వాళ్లమ్మ నవ్వింది.

ఆ అమ్మాయి నవ్వలేదు. "ఆ బోర్డు గీసినోళ్లు తెలివైనోళ్లే. తమ తెలివి చూసుకుంటూ సందు చూసుకోలేదు" అంది, నా మొహంలోకి చూస్తూ.

"అవునండి" అన్నాను. అంతే అన్నాను. వాళ్లమ్మ ఇంకొంచెం పెట్టబోతే మూత ముందుకు చాపాను. తెనాలిలో వాళ్లు దిగి రేపల్లె రైలు కోసం వేరే ప్లాట్‌ఫారానికి వెళ్లిపోయారు.

అబ్బ ఆ షీల్డుని షాపులో పెట్టాడు. చుట్టూ అద్దాలు కదా, ఎటు తిరిగినా అదే. వచ్చినవాళ్లందరికీ చూపించి "మా అబ్బాయి, బాపట్లలో" అని చెప్పేవాడు. నాకు అన్నం సయించేది కాదు. పులిహోర వాసన తగిలితే వాంతి వచ్చేటట్టుండేది. నాలుగో రోజు కాలేజీలో చూపించాలని అబద్ధం చెప్పి దాన్ని సంచిలో వేసుకుని రేపల్లె వెళ్లాను.

బస్టాండు వెనక బట్టలు కుట్టే ఆవిడంటే వెంటనే చెప్పారు. వాళ్లమ్మ మిషన్ దగ్గర ఉంది. అమ్మాయి గుమ్మంలోకి వచ్చింది. లోపలికి రమ్మనలేదు. నిలబడే మొత్తం చెప్పాను.

"తెలుసండి" అంది.

"ఎలా?"

"కొత్తగా చూసినోళ్లకి ఐదు గోడల దారి మొదటి గుండుకే దొరకదు. రెండు గోడలదే కష్టపడితే దొరుకుద్ది. ఐదు గోడలది గీసినోడికే తెలుస్తుంది. మీరు సీటు మీద వేలితో గీస్తున్నప్పుడే అర్థమైంది."

"మరి రైల్లోనే ఎందుకు అడగలేదండి?"

"అడిగితే మీరు చెప్పినట్టు ఎలా అవుద్ది? మీరే చెప్తారేమోనని తెనాలి దాకా చూశాను. మీరు పులిహోర రెండోసారి పెట్టించుకున్నారు."

సంచిలోంచి షీల్డు తీసి, "ఇది మీది, తీసుకోండి" అన్నాను.

ఆమె చేత్తో ముట్టుకోలేదు. గడప మీద ఏదో చచ్చిపడి ఉంటే చూసినట్టు చూసింది. "మీ చెయ్యి పడిన వస్తువు నాకెందుకండి? అయినా నాకొక్కదానికే చెప్తే ఏంటి ఉపయోగం? ఆ రోజు ఆ గదిలో ముప్పైమంది కూర్చున్నారు."

వాళ్లమ్మ తల ఎత్తలేదు. మిషన్ ఆపలేదు. ఆవిడ నన్ను తిడితే బాగుండుననిపించింది.

మర్నాడు బాపట్ల వెళ్లాను. మైకులో నన్ను పొగిడిన లెక్చరరుకి జరిగినదంతా చెప్పి షీల్డు బల్ల మీద పెట్టాను. ఆయన టీలో బిస్కెట్టు ముంచుకుని తింటున్నాడు. తడి ముక్క ఒకటి జారి గడ్డం మీద అంటుకుంది, తుడుచుకోలేదు.

"అయిపోయిందానికి ఇప్పుడేంటయ్యా? రిజల్టు నోటీసుబోర్డులో పెట్టేశాం. మారిస్తే కాలేజీ పరువేం కాను?"

"ఫస్టు రావాల్సింది ఆ రేపల్లె అమ్మాయి సార్."

"ఆ అమ్మాయి కంప్లైంట్ ఇచ్చిందా? లేదు కదా! మరి నీకేంటి?" షీల్డుని తీసి కింది అరలోకి తోసేశాడు. తర్వాత ఏదో తట్టినట్టు గొంతు తగ్గించి, "బోర్డులు మాత్రం బాగా గీశావయ్యా. వచ్చే ఏడాదికి ఇంకో పది గీసి పెట్టకూడదూ?" అన్నాడు.

నేను లేచి వచ్చేశాను. ఈ సంగతి తెలిసి నా స్నేహితుడు మా వీధిలోకి వచ్చి, బాబాయి కొడుకు పరువు తీశానని అరిచి వెళ్లాడు. మళ్లీ మేం మాట్లాడుకోలేదు. ఆ అరుపులతో అబ్బకీ నిజం తెలిసింది. షాపుకి వచ్చేవాళ్లు షీల్డు ఏదని అడిగితే పని చూసుకుంటూ మాట మార్చేవాడు. అది చూడలేక చాలా రోజులు నేను షాపు వైపు వెళ్లలేదు.

ఆ అమ్మాయి పేరు రెండో స్థానంలోనే ఉండిపోయింది. నేను మళ్లీ రేపల్లె వెళ్లి బాపట్లలో ఏం జరిగిందో ఆమెకి చెప్పలేదు. చెప్పడానికి ఏముందని అప్పట్లో అనుకున్నాను.

ఇన్నేళ్లయ్యాక లెక్చరరు గడ్డం మీది బిస్కెట్టు, స్నేహితుడి తడి చెయ్యి తలుచుకుంటే మొహం చిట్లించుకుంటాను, అంతే. కానీ బాపట్ల నుంచి తిరిగొచ్చేటప్పటి బస్సు ప్రయాణం గుర్తొస్తే మాత్రం తట్టుకోలేను. కిటికీ పక్క సీటు దొరికింది. గాలి చల్లగా తగులుతోంది. ఒళ్లంతా దూదిలా తేలికైపోయింది. ఆమెకి దక్కింది ఏమీ లేదు, అయినా నా అంత నికార్సైన మనిషి ఈ జిల్లాలో ఉండడనుకుంటూ, పొన్నూరు దాటేదాకా నాలో నేను చిన్నగా నవ్వుకుంటూ కూర్చున్నాను.