మూడో పాల పులుసు

విరుదునగర్ డాక్టరు నాయన గుండె పరీక్ష కాగితం చూసి, ఇకమీదట కొబ్బరి ముట్టకూడదని తమిళంలో కచ్చితంగా చెప్పేశాడు. చెప్పింది నాయనకు. నాయన మాత్రం తల తిప్పి అమ్మ వంక చూశాడు, ఇన్నాళ్లూ ఆమె తనకు విషం పెట్టినట్టు. నాకు ఒళ్లు మండిపోయింది. ఆసుపత్రి కదా అని నోరు మూసుకున్నాను.

తొంభైల చివరి మాట. మండీలో మా చేని మిరపకాయల బస్తాలు తూకం వేయిస్తూ నాయన ఛాతీ పట్టుకుని కూలబడ్డాడు. ప్రాణం దక్కింది. ఆ నొప్పి మళ్లీ వస్తే దక్కదని డాక్టరు అమ్మను పక్కకు పిలిచి మరీ చెప్పాడు. మాత్రలు తిండి తిన్నాకే వేసుకోవాలన్నాడు, కడుపు ఖాళీగా ఉండకూడదన్నాడు. రొయ్యలు ఎప్పుడైనా కొంచెం, పలుచటి చారుగా అయితే ఫరవాలేదన్నాడు. ఆ చివరి మాట ఒక్కటే నాయన చెవికెక్కింది.

మా ఇల్లు కోవిల్‌పట్టి పక్కన నల్లరేగడి పల్లెలో. ఇంట్లో తెలుగు, గడప దాటితే తమిళం. సముద్రం మా కంటికి ఆనేది కాదు గానీ, ఆదివారం పొద్దున తూత్తుకుడి బస్సులో ఐసు పెట్టెలు దిగేవి. రొయ్యలు వచ్చాయంటే ఇంట్లో పాలపులుసే. అమ్మ టెంకాయ తురిమి, రోట్లో రుబ్బి, పాత పంచె గుడ్డలో వేసి పిండేది. మొదట పిండితే వచ్చేవి చిక్కటి పాలు. ఆ పిప్పిలోనే నీళ్లు పోసి మళ్లీ పిండితే రెండో పాలు, ఇంకోసారి పిండితే మూడో పాలు. రొయ్యలు ఉడికేది పలుచటి పాలలో. చిక్కటి పాలు మాత్రం మట్టి చట్టి పొయ్యి మీంచి దించాక పోయాలి, లేకపోతే విరిగిపోతాయి. నాయన ఆ పులుసును అన్నంలో కలుపుకోవడమే కాదు, లోటాలో పోయించుకుని చివరి చుక్క దాకా తాగేవాడు. తాగి, తువ్వాలు భుజాన వేసుకుని టీకొట్టు దగ్గరికి వెళ్లిపోయేవాడు. సాయంత్రానికి గానీ ఇల్లు చేరేవాడు కాదు.

అలాంటి మనిషి మంచాన పడి, తిండి దగ్గర పేచీ మొదలుపెట్టాడు. రెండు ముద్దలు నోట్లో పెట్టుకుని కంచం తోసేసేవాడు. తిండి లేదు కాబట్టి మాత్రలూ లేవు. చెంపలు లోపలికి పోయాయి. కొబ్బరి పెడితే గుండె ఆగుతుంది, పెట్టకపోతే ఈయన పంతానికే ఆగేట్టుంది. అమ్మ రాత్రిళ్లు లేచి ఆయన ఊపిరి వింటూ కూర్చునేది. నాకు భయం వేస్తే కోపం వస్తుంది. ఆ రోజుల్లో ఇంట్లో గిన్నెలన్నీ నా చేతిలో చప్పుడు చేస్తూనే ఉండేవి.

నా కాలేజీ చదువు ఇంకెందుకు పనికొస్తుందని, కొబ్బరి లేని పాలపులుసు నేనే కనిపెడతానని బయల్దేరాను. మొదట మీగడ తీసిన ఆవుపాలు పోశాను. చింతపండు తగలగానే విరిగి ముక్కలైపోయాయి. మరో వారం జొన్నపిండి కలిపి చిక్కగా కాచాను. నాయన గరిటె పైకెత్తి, జారకుండా వేలాడుతున్న ఆ పదార్థాన్ని కాసేపు చూశాడు.

“ఏమే, ఇది అగ్గిపెట్టెలకు లేబుల్ అంటించేదానికి సేసినావా?”

మా వీధిలో సగం ఇళ్లలో ఆ బంక కాచేవారు. నిజం చెప్పాలంటే అచ్చం అలాగే ఉంది. నవ్వు రావలసింది, ఏడుపొచ్చింది.

ఆ తరువాతి ఆదివారం అమ్మ నన్ను వంటింట్లోంచి పంపేసింది. పిల్లలమైన మాకు ఎప్పటిలా చిక్కగా చేసింది. నాయనకు మాత్రం కొబ్బరి పేరుకే మిగిలిన మూడో పాలతో, చిన్న గిన్నెలో, నాలుగు రొయ్యలు వేసి, మిరియాలు దంచి వేసి వేరే కాచింది. నాయన లోటా ఎత్తి ఒక గుక్క తాగి, ఠక్కున కింద పెట్టాడు.

“సట్టి కడిగిన నీళ్లు నాకు పోస్తావా? దీనికంటే సావడం మేలు!”

అమ్మ లోటా తీసుకుని లోపలికి వెళ్లిపోయింది. మేం తలలు వంచుకుని తిన్నాం.

అందరి తిండ్లూ అయ్యాయి. గుండె జబ్బు వల్ల నాయనకు టీకొట్టు లేదు, ఎక్కడికీ పోలేడు. ఆకలి దహిస్తున్నట్టుంది, మంచినీళ్ల వంకతో లేచి వంటింటి గుమ్మం దాకా వచ్చాడు. నేను అంట్లు తీస్తున్నాను. అమ్మ నేల మీద కూర్చుని, ఖాళీ అయిన చట్టిలో వేడినీళ్లు పోసి, అంచులకు పట్టినదంతా చేత్తో కలియబెట్టి, అన్నంలోకి వంచుకుంటోంది. ప్రతి ఆదివారం చేసే పనే. మేం చూసీ చూసీ అది చూడ్డం మానేసిన పని. నాయన మాత్రం మొదటిసారి చూశాడు. తనకు పెళ్లయినప్పటి నుంచీ మంచాన పడేదాకా ఆ వేళకు ఆయన ఇంట్లో ఉన్నది లేదు.

“ఏమది?” అన్నాడు.

“నా కూడు.”

“దినమూ ఇట్లేనా?”

అమ్మ తలెత్తలేదు. “ఇంగెట్ల? మీరు సట్టి కడిగిన నీళ్లు అంటిరే, దాన్నే నేను ఇన్నేండ్లూ తినేది. నేను సచ్చిపోతినా?”

అమ్మ నాయనతో అంత పెద్ద మాట అనగా నేను అంతకుముందు వినలేదు. గుండె మనిషి, ఏమవుతాడోనని అంట్లు వదిలేసి లేచాను. నాయన గోడ పట్టుకుని మెల్లగా కింద కూర్చున్నాడు. పక్కనే ఉన్న లోటా, తను వదిలేసినదే, తీసుకుని చల్లారిన ఆ పులుసు చివరిదాకా తాగాడు. తర్వాత మాత్ర అడిగాడు.

అప్పటి నుంచి మూడో పాల పులుసే ఆయన పులుసు. ఒంట్లో సత్తువ వచ్చింది, మళ్లీ చేనుకూ పోయాడు. చూడవచ్చిన చుట్టాలు ‘ఎంత నిగ్రహమో’ అని ఆయన్ని మెచ్చుకుంటుంటే, వంటింట్లో అమ్మ చట్టిలో నీళ్లు పోసుకునే చప్పుడు నాకు వినబడేది. అది మాత్రం ఆగలేదు. నాయన రెండు మూడుసార్లు “ముందు తినరాదా” అన్నాడు. అమ్మ సరేనంది, తినలేదు.

నా పెళ్లయి విరుదునగర్‌లో కాపురం పెట్టాక, రెండువేల సంవత్సరం దాటిన రోజుల్లో, అమ్మానాయనా మా ఇంటికి వచ్చారు. ఈసారి నా మాటే చెల్లాలనుకున్నాను. టెంకాయ నేనే తురిమి, అమ్మకు మొదటి పాలతోనే, రొయ్యలు దండిగా వేసి చేశాను. నాయనకు పలుచటిది పక్కన పెట్టి, అమ్మను బలవంతంగా ముందు కూర్చోబెట్టి గిన్నె నిండా పోశాను. “తాగు” అన్నాను, తిట్టినట్టే.

తాగింది. రెండు గుక్కలు. మూడోది మింగలేక, చెంగు నోటికి అడ్డం పెట్టుకుని పెరట్లోకి పరిగెత్తింది. తిరిగొచ్చి, నా ముఖం చూసి నొచ్చుకుంది.

“బాగుండాది మా. ఆనా నా ఉడంబుకు, ఈ ఒంటికి, ఇది సేరలేదు. కొంచెం నీళ్లు పొయ్యి, తాగతా.”

నాయన తన లోటా పట్టుకుని నేల చూపులు చూస్తున్నాడు. ఎవరి మీద అరవాలో నాకు తెలియలేదు. పొయ్యి మీద నీళ్లు మసులుతున్నాయి. తెచ్చి, ఆమె గిన్నెలో నేనే పోశాను.